పెర్సీ స్మిత్: పాఠం చెప్పకుండా పాఠం తీసినాయన (ప్రసంగ పాఠం)

(ఫిల్మ్ షో మధ్యలో జరిగిన ప్రసంగం ఇది. ఆ రోజు రాలేకపోయినవాళ్ళు అడిగారని రికార్డింగ్ విని టైప్ చేశాం. తడబాట్లు తీసేశాం, మిగతాదంతా వక్త మాట్లాడినట్టే ఉంది.)

అందరికీ నమస్కారం అండి. వెనక కూర్చున్నవాళ్ళకి వినపడుతోందా? వినపడుతోంది కదా, సరే.

ఇందాక తెర మీద ఈగని చూశారు. వీపు దగ్గర పట్టి ఉంచారు, కాళ్ళు మాత్రం గాల్లో ఉన్నాయి, ఆ కాళ్ళ మీద ఒక బంతి పెడితే గిరగిరా తిప్పింది, తర్వాత ఏదో చిన్న కాడ ఇస్తే అదీ తిప్పింది, చివరికి ఇంకో ఈగని ఇస్తే దాన్ని కూడా తిప్పేసింది. మీరందరూ నవ్వారు, నేను వెనక నిలబడి చూశాను. 1908లో లండన్ లో కూడా ఇలాగే నవ్వారు. నవ్వేసి ఊరుకోలేదు, పేపర్లవాళ్ళు వెంటపడ్డారు. ఈగకి ట్రైనింగ్ ఎలా ఇచ్చారు? ఆ ఈగని హింస పెట్టారా? తీసినాయన వివరణ ఇచ్చుకోవాల్సి వచ్చింది, అబ్బే ట్రైనింగూ లేదు ఏమీ లేదు, సన్నటి సిల్కు దారంతో పట్టి ఉంచాను అంతే అని.

మరి ఎందుకు తిప్పింది? ఒకసారి ఆలోచించండి. ఈగ ఏం చేస్తోంది అక్కడ? నడుస్తోంది. అంతే. దాని కాళ్ళకి ఏదో ఒకటి తగిలింది, అది నేల అనుకుంది, నడవడం మొదలెట్టింది. ఈగ కదలకుండా ఉంది కాబట్టి కింద ఉన్న నేల, అంటే ఆ బంతి, తిరుగుతోంది. ఈ ముక్క బోర్డు మీద రాసి చెప్తే ఎవరు వింటారు? ఇక్కడ ఎవరూ ఏం చెప్పలేదు, ఒక్క అక్షరం లేదు, కానీ ఈగ కాలు ఎలా పట్టుకుంటుంది, ఎంత బరువు మోస్తుంది అన్నది మీకు తెలిసిపోయింది. ఇవాళ నేను చెప్పబోయేది అంతా ఈ ఒక్క విషయం గురించే, కాస్త అటూ ఇటూ తిరుగుతాను గానీ ఇక్కడికే వస్తాను.

తీసినాయన పేరు ఫ్రాంక్ పెర్సీ స్మిత్. ఎంతమంది విన్నారు ఈ పేరు? ... ఇద్దరు. ఇద్దరైనా ఉన్నారు, సంతోషం. 1880లో లండన్ ఇజ్లింగ్టన్ లో పుట్టారు, 1945లో పోయారు. పధ్నాలుగేళ్ళకే ఉద్యోగంలో చేరారు, గుమాస్తాగా, ఎక్కడ? బోర్డ్ ఆఫ్ ఎడ్యుకేషన్ లో. అంటే బ్రిటన్ చదువుల వ్యవహారమంతా చూసే సర్కారీ ఆఫీసు. తమాషా చూడండి, తర్వాత జీవితమంతా పాఠాల సినిమాలే తీసిన మనిషి మొదట పనిచేసింది చదువుల ఆఫీసులో, కానీ సినిమాతో పాఠం చెప్పొచ్చు అన్న ఆలోచన ఆ ఆఫీసుకి ఎక్కలేదు. ఫైళ్ళు చూసుకో నాయనా అన్నారు. ఈయన ఫైళ్ళు చూసుకుంటూనే ఇంటికొచ్చి మైక్రోస్కోప్ పెట్టుకుని పురుగుల ఫోటోలు తీసుకునేవారు.

అందులో ఒకటి ఈగ నాలుక ఫోటో. బాగా దగ్గరగా తీసింది. అది చార్లెస్ అర్బన్ అనే సినిమా వ్యాపారి కంట్లో పడింది. ఈ అర్బన్ గురించి రెండు మాటలు చెప్పాలి, లేకపోతే కథ అర్థం కాదు. అమెరికా మనిషి, సిన్సినాటిలో పుట్టి లండన్ వచ్చి స్థిరపడ్డాడు. మిగతావాళ్ళు కామెడీలు, నాటకాలు తీస్తుంటే ఈయన ప్రపంచాన్ని మీ ముందు పెడతాం అని బోర్డు పెట్టుకుని యాత్రలు, యుద్ధాలు, సైన్సు అమ్మాడు. సైన్సు అమ్మడం అంటే నిజంగానే అమ్మడం అండి. 1903లో లండన్ అల్హంబ్రా థియేటర్ లో, డాన్సులు పాటలు జరిగే చోట, మైక్రోస్కోప్ కింద తీసిన చీజ్ లో ఉండే పురుగుల్ని తెర నిండా వేసి చూపించాడు. జనం టికెట్ కొని వచ్చి చూశారు. అది తీసింది మార్టిన్ డంకన్ అనే ఆయన, స్మిత్ కాదు, ఇద్దర్నీ కలిపేసి రాస్తుంటారు కొంతమంది, అందుకని చెప్తున్నా. కాబట్టి స్మిత్ వచ్చేసరికే అర్బన్ దగ్గర దారి తయారుగా ఉంది. కావాల్సింది ఓపిక ఉన్న మనిషి. స్మిత్ చేతికి కెమెరా వచ్చింది. కొన్నాళ్ళకి గుమాస్తా పని వదిలేశారు.

1909లో సాలీడు ఫిల్మ్ ఒకటి తీశారు. సాలెపురుగు గాల్లోకి దారం వదిలి ఆ దారం పట్టుకుని ఎగిరిపోతుంది కదా, అది చూపించాలి. నిజం సాలీడుని ఆ రోజుల్లో కెమెరాతో పట్టుకోవడం కుదిరే పని కాదు. ఏం చేశారు? బొమ్మ సాలీడు చేసి, ఒక్కో ఫ్రేముకీ కొంచెం కొంచెం కదిపి తీశారు. మీలో కొంతమంది అడుగుతారు, ఇది డాక్యుమెంటరీయేనా, బొమ్మ కదా అని. అడగండి, మంచి ప్రశ్నే. నా లెక్కలో అయితే ఇది పాఠం సినిమా, పాఠంలో బొమ్మ గీసి చూపించడం తప్పు కాదు, అదే నిజం సాలీడు అని నమ్మిస్తే తప్పు. సాలీడంటే భయపడేవాళ్ళని మార్చాలనే కోరిక కూడా ఉంది ఆయనకి. ఏదైనా నాకు చీదరగా అనిపిస్తే దాని మీద ఫిల్మ్ తీస్తాను, అప్పుడది అందంగా అయిపోతుంది అనేవారట. ఈ మాట గుర్తు పెట్టుకోండి, బూజు దగ్గరికి వచ్చినప్పుడు పనికొస్తుంది.

సరే, ఇప్పుడు పువ్వు. 1910. మొగ్గ విచ్చుకోవడం తెర మీద చూపించారు. క్రోకస్, నార్సిసస్, గులాబీ, ఒకదాని తర్వాత ఒకటి కళ్ళముందే విచ్చుకుంటాయి. ఇప్పుడు మన ఫోన్లో టైమ్ లాప్స్ అని ఒక బటన్ ఉంది, నొక్కి పక్కన పెడితే అయిపోతుంది, కాబట్టి మనకేం అనిపించదు. అప్పట్లో మొదటిసారి చూసినవాళ్ళు మళ్ళీ వెయ్యండి మళ్ళీ వెయ్యండి అని పట్టుబట్టారని చెప్తారు.

ఎలా తీశారో కొంచెం లెక్క వేద్దాం, లెక్క అంటే భయపడకండి, చిన్నదే. ఒక పువ్వు విచ్చుకోవడానికి మూడు రోజులు పడుతుంది అనుకోండి. మూడు రోజులంటే 72 గంటలు, 4320 నిమిషాలు. పది నిమిషాలకి ఒక ఫ్రేము తీస్తే 432 ఫ్రేములు. మూకీ సినిమా సెకనుకి సుమారు 16 ఫ్రేములు నడిచేది. 432ని 16తో భాగించండి. ఎంత? 27. ఇరవై ఏడు సెకన్లు! మూడు పగళ్ళు మూడు రాత్రుళ్ళు పడిన కష్టం తెర మీద ఇరవై ఏడు సెకన్లు. అది కూడా అన్నీ సవ్యంగా జరిగితే.

సవ్యంగా ఎందుకు జరుగుతుంది? జరగదు. మొదటి గొడవ వెలుతురు. రాత్రి ఎండ ఉండదు కదా, పగలు కూడా మబ్బు వస్తుంది పోతుంది, లండన్ లో మరీను. ఎండని నమ్ముకుంటే ఒక ఫ్రేము తెల్లగా ఒక ఫ్రేము నల్లగా వచ్చి తెర మీద మిణుకు మిణుకు మంటుంది. కాబట్టి లైటు పెట్టాలి. పోనీ లైటు ఎప్పుడూ వెలిగించి ఉంచుదామా? మొక్క ఊరుకోదు, లైటు వైపు వంగుతుంది, వేడికి వాడిపోతుంది, రాత్రి పగలు తేడా పోతే ముడుచుకునే పువ్వు ముడుచుకోదు. అంటే మనం చూపించాలనుకున్నది మన లైటే చెడగొడుతుంది. కాబట్టి ఏం చెయ్యాలి? ఫ్రేము తీసే ఒక్క క్షణమే లైటు వెలగాలి, షట్టర్ తెరుచుకోవాలి, మూసుకోవాలి, లైటు ఆరాలి, ఫిల్ము ఒక గడి ముందుకు జరగాలి, మళ్ళీ పది నిమిషాలు చీకట్లో కూర్చోవాలి. ఇది మనిషి చేత్తో చేస్తే ఎన్ని రాత్రులు చేస్తాడు? అందుకని మిషను కావాలి. ఇప్పటిలా కొనుక్కునే మిషను లేదు. సొంతంగా చేసుకున్నారు.

దేంతో చేసుకున్నారు అనేది నాకు చాలా ఇష్టమైన విషయం. కొవ్వొత్తి వత్తులు, గ్రామఫోన్ సూదులు, పిల్లలు ఆడుకునే మెకానో ముక్కలు, తలుపు పిడులు. ఇంట్లో ఏది దొరికితే అది. లండన్ ఉత్తరాన సౌత్ గేట్ లో ఇల్లు, ఆ ఇల్లే స్టూడియో, ఆ ఇల్లే లాబరేటరీ. ఇల్లంతా గంటలు పెట్టుకున్నారు, రాత్రి మిషన్ దగ్గర ఏదైనా చూసుకోవాల్సి వచ్చినా, ఫిల్ము మార్చాల్సి వచ్చినా గంట మోగుతుంది, లేచి వెళ్ళాలి. కొన్ని ఫిల్ములు పూర్తవడానికి రెండేళ్ళు దాటిందట. పది నిమిషాల ఫిల్ముకి! ఆ ఇంట్లో మిగతావాళ్ళు ఎలా పడుకున్నారో అని నాకు ఎప్పుడూ ఒక అనుమానం. మీకు నవ్వొస్తోంది గానీ వాళ్ళావిడ పరిస్థితి ఆలోచించండి.

ఏంటండీ? ... ఆ, ఈయన అడుగుతున్నారు టైమ్ లాప్స్ స్మిత్ కనిపెట్టారా అని. కాదండీ. జర్మనీలో లైప్జిగ్ లో విల్హెల్మ్ ఫెఫర్ అనే వృక్షశాస్త్రవేత్త 1900కి అటూ ఇటూగానే మొక్కల కదలికల్ని అలా తీశాడు, కానీ అది యూనివర్సిటీ క్లాసు కోసం. మన జగదీశ్ చంద్ర బోస్ గారు కూడా ఇంచుమించు ఆ రోజుల్లోనే మొక్క ఎదుగుదల కంటికి కనపడేట్టు చేశారు, కాకపోతే ఆయన దారి వేరు. క్రెస్కోగ్రాఫ్ అనే పరికరంతో కదలికనే పదివేల రెట్లు పెద్దది చేశారు. చూడండి, బోస్ గారు దూరాన్ని పెంచారు, స్మిత్ టైముని కుదించారు, ఇద్దరూ చెప్పింది ఒకటే, అది కదులుతోందిరా బాబూ నీకే కనపడట్లేదు అని. స్మిత్ గొప్ప ఎక్కడంటే దాన్ని సినిమా హాల్లోకి తెచ్చారు, టికెట్ కొన్నవాడి ముందుకి.

మధ్యలో మొదటి ప్రపంచ యుద్ధం వచ్చింది. ఆ టైములో తెర మీద కదిలే యుద్ధం మ్యాపులు తీశారు. 1915లో టర్కీ దగ్గర డార్డనెల్స్ యుద్ధం మీద తీసిన ఫిల్మ్ ఉంది, జలసంధి, ఓడలు, కోటలు, ఒక్కో ఫ్రేముకీ జరుపుతూ తీసినవి. బొమ్మ సాలీడుకి వాడిన పద్ధతే. దీని గురించి ఎక్కువ చెప్పను, చూస్తే ముచ్చటగానే ఉంటుంది గానీ మనసు పెట్టి తీసిన పని అనిపించదు నాకు.

అసలు స్మిత్ ని చూడాలంటే 1920ల తర్వాత చూడాలి. 1919లో హ్యారీ బ్రూస్ ఊల్ఫ్ అనే ఆయన బ్రిటిష్ ఇన్ స్ట్రక్షనల్ ఫిల్మ్స్ అని కంపెనీ పెట్టారు. 1922 నుంచి 1933 దాకా సీక్రెట్స్ ఆఫ్ నేచర్ అని సిరీస్ తీశారు, మొత్తం 144 ఫిల్ములు, అన్నీ చిన్నవే, సినిమా హాళ్ళలో పెద్ద సినిమాకి ముందు వేసేవి. పక్షులు తీసేవాళ్ళు వేరే, ఆలివర్ పైక్ లాంటివాళ్ళు కొండలెక్కి గూళ్ళ దగ్గర కూర్చుని తీసేవారు. మొక్కలు, బూజు, మురికి నీళ్ళలో కంటికి కనపడని ప్రాణులు, ఇవన్నీ స్మిత్ వంతు. అంటే ఎవరికీ అక్కర్లేనివన్నీ ఈయనకి వచ్చాయి. తర్వాత మేరీ ఫీల్డ్ అని ఒకావిడ ఈ సిరీస్ ఎడిటింగు, డైరెక్షను చూసుకున్నారు, ఆవిడా స్మిత్తూ కలిసి ఈ సిరీస్ మీద పుస్తకం కూడా రాశారు.

స్మిత్ పద్ధతి గురించి ఆయన మాటే ఒకటుంది, పాఠం అనే మందు పొడిని వినోదం అనే జామ్ లో కలిపి పెట్టాలి అని. ఈ మాట అందరూ ఎత్తుకుంటారు. నేను మాత్రం ఒప్పుకోను. ఆయన మాటే అయినా ఒప్పుకోను. ఎందుకంటే ఆయన మంచి ఫిల్ముల్లో పొడి వేరుగా జామ్ వేరుగా ఉండవు. 1927లో వంటింటి బూజు మీద ఫిల్మ్ తీశారు, పాడైపోయిన తిండి మీద పెరుగుతుంది కదా, అది. చూస్తుంటే తెల్లటి నూలు పోగుల్లా పైకి లేస్తాయి, చివర చిన్న తలకాయ ఉబ్బుతుంది, నల్లబడుతుంది, పగిలి పొడి రాలుతుంది. ఇందులో పాఠం ఏది, వినోదం ఏది? విడదీసి చెప్పండి చూద్దాం. బూజు ఎలా వ్యాపిస్తుందో తెలియడమూ, నోరు తెరుచుకుని చూడటమూ ఒకే క్షణంలో జరుగుతాయి. చీదరగా ఉన్నది అందంగా అయిపోతుంది అన్నారు చూశారా, అదీ సంగతి.

1931లో మ్యాజిక్ మిక్సీస్ అని తీశారు. మిక్సీలంటే మన వంటింట్లోవి కాదండోయ్, మిక్సోమైసీట్స్, స్లైమ్ మౌల్డ్ అంటారు. తడిసి కుళ్ళిన చెక్కల మీద పసుపు రంగు జిగురులా ఉంటుంది. మొక్క కాదు, జంతువు కాదు, నిజానికి బూజు కూడా కాదు. జానెడు వెడల్పు ఉన్నా అంతా కలిపి ఒకే కణం, లోపల కేంద్రకాలు మాత్రం లెక్కలేనన్ని. మామూలుగా చూస్తే కదలదు. స్మిత్ ఫిల్ములో చూస్తే, అమ్మో, నరాలు పాకినట్టు పాకుతుంది. దగ్గరగా చూస్తే లోపలి ద్రవం ఒకవైపు పరిగెడుతుంది, ఆగుతుంది, వెనక్కి పరిగెడుతుంది, మళ్ళీ ఆగుతుంది, ముందుకి. ముందుకి కొంచెం ఎక్కువ, వెనక్కి కొంచెం తక్కువ, ఆ తేడాతోనే అది తిండి వైపు జరుగుతుంది. మెదడు లేదు, కాళ్ళు లేవు. తిండి అయిపోతే పాకడం మానేసి చిన్న చిన్న కాడలు లేపి సిద్ధబీజాలు, అంటే విత్తనాల్లాంటి పొడి, చల్లేస్తుంది. ఇదంతా ఒకే ఫిల్ములో మైక్రోస్కోప్ స్పీడు ఒకటి, టైమ్ లాప్స్ స్పీడు ఒకటి, రెండు టైములూ చూపిస్తారు. నాకు తెలిసి స్మిత్ అసలు పనితనం ఇదే, దేనికి ఎంత టైము ఇవ్వాలో తెలియడం. పువ్వుకి పది నిమిషాలకొక ఫ్రేము అనుకున్నాం, లోపల పరిగెత్తే ద్రవానికి అలా తీస్తే ఏమీ కనపడదు, అది నిమిషంలో దిశ మార్చేస్తుంది. ఏ ప్రాణికి ఏ టైము అన్నది ముందు గమనించి తేల్చుకోవాలి. కెమెరా పెట్టకముందే సగం సైన్సు అయిపోయింది అక్కడ.

ఇక కామెంటరీ సంగతి. టాకీలు వచ్చాయి, సెకనుకి 24 ఫ్రేములు అయ్యాయి. ఇందాకటి లెక్క గుర్తుందా, 432 ఫ్రేములు? అవి ఇప్పుడు 18 సెకన్లే. అంటే ఓపిక ఒకటిన్నర రెట్లు కావాలి. సరే అది పడ్డారు. కానీ సౌండు వచ్చేసరికి ఊరుకోరు కదా, ఒకాయన గొంతు పెట్టారు. ఆ గొంతు జోకులేస్తుంది. మొక్కల్ని ఇరుగుపొరుగు ఆడవాళ్ళలా చెప్తుంది, పురుగులకి పెళ్ళిళ్ళు చేస్తుంది. హాల్లో జనానికి అప్పుడది నచ్చింది, ఒప్పుకోవాలి. ఇప్పుడు వింటే, నా మటుకు నాకు, బొమ్మ అంత గొప్పగా పాకుతుంటే పక్కన ఎవరో వాగుతున్నట్టు ఉంటుంది. పాతబడింది ఏదైనా ఉంటే ఆ గొంతే, బొమ్మ పాతబడలేదు.

మరి ఇంత చేసిన మనిషి పేరు మనలో ఇద్దరికే ఎందుకు తెలుసు? ఒకటి, సిరీస్ పేరే పైకొచ్చింది, మనిషి పేరు కిందికి పోయింది. పోస్టరు మీద సీక్రెట్స్ ఆఫ్ నేచర్ అని ఉంటే చాలు, లోపల ఎవరు రాత్రుళ్ళు లేచారో ఎవరికి కావాలి? రెండోది నాకు ఇంకా పెద్దదనిపిస్తుంది. డాక్యుమెంటరీ చరిత్ర రాసుకున్నవాళ్ళు జాన్ గ్రియర్సన్ వరసవాళ్ళు, బ్రిటన్ లో డాక్యుమెంటరీ ఉద్యమాన్ని నడిపినాయన ఈయన. ఆయన 1930ల మొదట్లో రాసిన వ్యాసాల్లో నిజ జీవితం నుంచి తీసినవన్నీ ఒకటి కాదన్నారు, న్యూస్ రీళ్ళు, మ్యాగజీన్ ఫిల్ములు, సైన్సు పాఠాల ఫిల్ములు కింది మెట్టు, వాటిని దాటాకే అసలు డాక్యుమెంటరీ మొదలవుతుంది అన్నారు. గ్రియర్సన్ ని తక్కువ చెయ్యట్లేదు నేను, ఆయన కొట్లాట ఆయనకుంది, వర్ణనకీ కళకీ తేడా చూపించాలి, డబ్బు పెట్టే సర్కారుని ఒప్పించాలి. కానీ ఆ గీత గీసినప్పుడు స్మిత్ గీతకి అవతల పడ్డారు. సినిమావాళ్ళు ఇది సైన్సు అన్నారు, సైన్సువాళ్ళు ఇది సినిమా అన్నారు. నన్నడిగితే పది నిమిషాలకొక ఫ్రేము తీయాలా, పది సెకన్లకొకటి తీయాలా అని తేల్చుకోవడం కంటే పెద్ద కళాత్మక నిర్ణయం ఏ డైరెక్టర్ తీసుకున్నాడు?

1930ల నడిమి నుంచి ఊల్ఫ్, మేరీ ఫీల్డ్, స్మిత్ అంతా గోమాంట్ బ్రిటిష్ ఇన్ స్ట్రక్షనల్ అనే కంపెనీకి మారారు, సిరీస్ పేరు సీక్రెట్స్ ఆఫ్ లైఫ్ అయింది, స్కూళ్ళకి పంపే ఫిల్ములు కూడా ఎక్కువయ్యాయి. బోర్డ్ ఆఫ్ ఎడ్యుకేషన్ గుమాస్తా మొత్తానికి బడిలోకి వచ్చారన్నమాట, ఎన్నో ఏళ్ళు తిరిగి. 1941లో, ఒకపక్క బాంబులు పడుతున్న రోజుల్లో, మేరీ ఫీల్డ్, డర్డెన్ అనే ఇంకో ఆయన, స్మిత్, ముగ్గురూ కలిసి సినీ బయాలజీ అని పుస్తకం వేశారు, పెలికాన్ అనే చవక పుస్తకాల వరసలో. ఫిల్ముల్లోంచి తీసిన బొమ్మలే అందులో. 1945 మార్చిలో స్మిత్ తన ప్రాణం తనే తీసుకున్నారు, 65 ఏళ్ళు. దాని గురించి ఊహలు కొంతమంది రాస్తుంటారు, నేను ఆ జోలికి పోను.

చాలాకాలం ఎవరూ పట్టించుకోలేదు. 2016లో టిండర్ స్టిక్స్ అనే బ్యాండ్ పాటగాడు స్టువర్ట్ స్టేపుల్స్, స్మిత్ ఫిల్ముల్లోంచి ముక్కలు తీసుకుని మినిట్ బాడీస్ అని గంట నిడివి లోపు సినిమా కూర్చాడు. ఏం చేశాడు? ఆ కామెంటరీ గొంతు మొత్తం తీసేశాడు. తీసేసి వాళ్ళ సంగీతం పెట్టాడు. సంగీతం గురించి నాకు కొన్ని అభ్యంతరాలున్నాయి, కొన్నిచోట్ల మరీ దిగులుగా ఉంటుంది, స్మిత్ కి హాస్యం ఉంది, అది పోయింది అందులో. ఈగతో బంతాట ఆడించినాయన కదా! కానీ గొంతు తీసెయ్యడం మాత్రం సరైన పని.

సరే, ఎక్కువ మాట్లాడేశాను. ఇప్పుడు మ్యాజిక్ మిక్సీస్ రెండుసార్లు వేస్తాం, మొదటిసారి సౌండ్ కట్ చేసి, రెండోసారి కామెంటరీతో. వరస మార్చమని మాత్రం అడగకండి, ఒకసారి ఆ గొంతు విన్నాక బొమ్మని బొమ్మగా చూడలేరు. మొదటిసారి చూసేటప్పుడు ఏం అర్థమైందో ఒక కాగితం మీద రాసి పెట్టుకోండి, పెన్ను లేనివాళ్ళు ఫోన్లోనే టైప్ చేసుకోండి, బ్రైట్ నెస్ తగ్గించి. రెండోసారి చూశాక అందులో కామెంటరీ కొత్తగా ఏం చెప్పింది, ఏం చెడగొట్టింది అన్నది మాట్లాడుకుందాం. నాతో ఒప్పుకోనివాళ్ళు ముందు మాట్లాడండి. బాబూ, ఆ పక్క లైట్లు కూడా ఆపేయండి.